ఈశాన్యం మూల తొట్టి

ఫిల్మ్‌నగర్‌లో సత్యనారాయణమూర్తిగారి హాల్లో ఈశాన్యం మూల పెద్ద గాజుతొట్టి ఉంది. అందులో అరచేయంత ఆస్కార్ చేప ఒక్కటే మిగిలింది. తక్కినవాటిని అదే తినేసింది. మూర్తిగారు సినిమా ఎడిటరుగా రీళ్లు కత్తిరించీ అతికించీ, కళ్లు సహకరించక మానేసిన మనిషి. ఆయన వేలు గాజుకానిస్తే ఆ చేప వచ్చి మూతి ఆనిస్తుంది. భార్య పోయాక ఆ ఇంట్లో ఆయన పిలిస్తే పలికేది అదొక్కటే.

తొట్టి కడిగేది షేక్‌పేట ఓదెలు. అతనికి ఏదో హోటల్లో పని కుదిరింది, ఇక ఇళ్లకు రానన్నాడు. మూర్తిగారి కొడుకు సుహాస్‌కు కావలసిందీ అదే. సినిమాలకు కంప్యూటర్‌లో సముద్రాలు పుట్టించే స్టూడియో అతనిది. ఇంటికొచ్చే నిర్మాతల ముందు నాచుకంపు నామోషీగా ఉందన్నాడు. చేపను ఓదెలుకిచ్చేసి, ఆ గోడకు పెద్ద టీవీ తెర బిగిద్దామన్నాడు.

అన్నట్టే తెర తెచ్చి చూపించాడు. పగడాలు, నీలాల నీళ్లు, రంగురంగుల చేపలు. వాటికి మేత అక్కర్లేదు, జబ్బు రాదు. మూర్తిగారు కాసేపు చూశారు.

"అతుకు తెలుస్తోందిరా. ఆ పసుపుచేప తోక తిప్పినచోట మళ్లీ మొదలవుతోంది" అన్నారు.

సుహాస్ ఆ వారంలోనే అతుకు కనబడకుండా చేసుకొచ్చాడు.

అప్పుడు మూర్తిగారికి వాస్తు గుర్తొచ్చింది. భార్య నమ్మినన్నాళ్లూ నవ్విన మనిషి, సిద్ధాంతి పట్టాభిరామయ్యగారికి కబురుపెట్టారు. ఈశాన్యంలో నీరుండాలి, కరెంటు తెర అగ్ని కిందికొస్తుంది, దాని చోటు ఆగ్నేయం అన్నారాయన. మూర్తిగారు కాఫీ ఇప్పించారు. సుహాస్ వాదించలేదు. నీళ్లుంటే చాలా, చేప కూడా ఉండాలా అని మాత్రం అడిగాడు. నీళ్లు చాలన్నారు సిద్ధాంతి.

మర్నాడే తొట్టి పక్కన ఇత్తడి గంగాళం దిగింది. దాన్నిండా నీళ్లు, పైన చామంతులు. తెర వంటగది గోడకెక్కింది. దాన్ని చూస్తూ వంటమనిషి భూలక్ష్మి పప్పు మాడబెట్టింది.

చేపను పట్టుకుపోవడానికి ఓదెలు బకెట్లతో వచ్చేసరికి సుహాస్ స్టూడియోకి వెళ్లిపోయాడు. ఇన్నేళ్ల అలవాటు కదయ్యా, వాడికేం తెలుస్తుంది అని మూర్తిగారు నసిగారు.

"అలవాటు మీది సార్. నీళ్లు మార్చుడు నాది" అన్నాడు ఓదెలు, పైపు చుట్ట విప్పుతూ. "మీకు ఇది గూడ టీవీయే గద."

మూర్తిగారు చెయ్యి చాచి పైపు అడిగారు.

"నోటితోని గుంజాలె. జర పైలం, నోట్లకొస్తయి."

వచ్చాయి. గంగాళంలో చామంతుల మీద ఉమ్మేశారు. నీళ్లు పారి ఒక బకెట్ నిండింది, రెండోది సగానికొచ్చింది. మూర్తిగారు పైపు మడిచి గట్టిగా పట్టుకున్నారు.

"వారవారం ఎంత తీసేవాడివి?"

"గింతనే. చేపను తీస్కవొయ్యేటప్పుడే మొత్తం తీస్తం."

"అయితే ఇక్కడితో ఆపి కొత్త నీళ్లు పొయ్యి. పైపు వదిలేసి వెళ్లు."

ఓదెలు గంగాళం వైపు చూశాడు. సుహాస్ సార్‌కు ఏం చెప్పాలని అడిగాడు. వాసన రాకుండా చూసే పూచీ నాది, ఒక్కవారం తప్పినా వచ్చి చేపను పట్టుకుపో అన్నారు మూర్తిగారు. ఓదెలు నాచు గీకే బిళ్ల చేతికిచ్చాడు.

ఆయన చొక్కా చెయ్యి పైకి మడిచి నీళ్లలోకి వంగబోయారు.

"ఉంగరం తియ్యుండ్రి సార్. గాజుకు గీతలు పడ్తయి."

ఉబ్బిన వేలినుంచి ఉంగరం ఓ పట్టాన రాలేదు. సబ్బు తెమ్మని భూలక్ష్మిని కేకేశారు.