వాట్ అరుణ్ మెట్ల మీద

బహ్రెయిన్‌లో కంపెనీ పెట్టి పాతికేళ్ళయిందని, పదిహేనేళ్ళ సర్వీసు నిండినవాళ్ళని నాలుగు రోజులు బ్యాంకాక్ పంపుతున్నామని 2007 అక్టోబరులో నోటీసు బోర్డు మీద కాగితం అంటించారు. ఆ ఏడు లెక్కకి వచ్చింది ఇద్దరే. ఒకరు సిత్రాలో స్టోర్స్ చూసే బెన్‌హర్, ఇంకొకరు ఆఫీసులో వీసాలు, సెలవుల కాగితాలు చూసే పాండురంగ. ఇద్దరూ తెలుగువాళ్ళేనని తెలిసి, కొత్తగా చేరిన హెచ్‌ఆర్ అమ్మాయి వాళ్ళకి ఒకే గది బుక్ చేసింది. తను మంచిపనే చేశాననుకుంది. పదకొండేళ్ళుగా ఆ ఇద్దరి మధ్యా సంతకాల పని తప్ప మాటలు లేవని ఆమెకి ఎవరూ చెప్పలేదు.

బెన్‌హర్ ఆ సాయంత్రం జింజ్‌లో తన ఫ్లాటుకి వచ్చి, వెళ్ళనని భార్య మెర్సీతో చెప్పాడు. మెర్సీ క్లినిక్‌లో నర్సు. ఆమె యూనిఫాం ఇస్త్రీ చేసుకుంటూ, బహ్రెయిన్‌కీ అమలాపురానికీ మధ్య తప్ప ఇంకెక్కడికీ విమానం ఎక్కని మనిషివి, ఒకడి మొహం చూడాల్సి వస్తుందని మానుకుంటావా అని అడిగింది. మర్నాడు బెన్‌హర్ ప్రయాణానికి ఒప్పుకున్నాడు.

జరిగిన సంగతి ఇదీ. 1996 జూలైలో ఒక గురువారం మధ్యాహ్నం బెన్‌హర్ తల్లి చనిపోయిందని పనివాళ్ళ క్యాంపుకి ఫోనొచ్చింది. అప్పటికింకా అతను స్టోర్స్‌లో హెల్పరు. పెళ్ళి కాలేదు. పాస్‌పోర్టులన్నీ ఆఫీసు బీరువాలో ఉండేవి, బీరువా తాళం కంపెనీ పెద్దసారు దగ్గర ఉండేది. అప్పట్లో గురువారం ఒంటిగంటకే ఆఫీసు మూసేసేవాళ్ళు, శుక్రవారం సెలవు. బెన్‌హర్ పని బట్టలతోనే ట్యాక్సీ పట్టుకుని, ఆఫీసు గుమాస్తా పాండురంగ ఉండే గదికి వెళ్ళాడు. పాండురంగ అతన్ని కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చి, కనుక్కుంటానని చెప్పి పంపించాడు. చీకటిపడే వేళకి క్యాంపుకి ఫోను చేసి, పెద్దసారు దేశంలో లేడని, సౌదీలో దమ్మామ్ వెళ్ళాడని, శనివారం పొద్దున గాని పాస్‌పోర్టు రాదని చెప్పాడు.

ఊళ్ళో శుక్రవారం సాయంత్రం దాకా ఆగారు. ఎండాకాలం పోయినా ఉక్క తగ్గలేదు, శవాన్ని అంతకంటే ఉంచడానికి లేదు. బెన్‌హర్ ఆదివారం సాయంత్రం ఇల్లు చేరేసరికి తల్లి మంచం కూడా కడిగి ఎండలో వేసేశారు.

నెల తరవాత బహ్రెయిన్ తిరిగొచ్చాక, పెద్దసారు కారు నడిపే డ్రైవరు మాటల్లో ఒక సంగతి చెప్పాడు. ఆ గురువారం సారు ఎక్కడికీ వెళ్ళలేదు. రిఫాలో తన ఇంట్లోనే ఉన్నాడు, కూతురి సంబంధం మాట్లాడుకోవడానికి చుట్టాలొచ్చారు. బెన్‌హర్ పాండురంగని నిలదీయలేదు, ఎవరికీ ఫిర్యాదు చేయలేదు. మాట్లాడటం మానేశాడు, అంతే. ఎందుకు మానేశాడని పాండురంగ కూడా ఎప్పుడూ అడగలేదు.

విమానంలో ఇద్దరి సీట్లూ పక్కపక్కనే వచ్చాయి. పాండురంగ, తన భార్య విజయలక్ష్మి కట్టిచ్చిన సకినాలు మధ్యలో పెట్టాడు. బెన్‌హర్ ముట్టుకోలేదు. హోటల్‌కి చేరాక బాత్రూం ఎవరు ముందు వాడాలన్న దగ్గర మాత్రం ఒకటి రెండు మాటలు మాట్లాడుకోక తప్పింది కాదు.

రెండో రోజు ఊరంతా చూపించే టూరు. పొద్దున్న ఏడున్నరకి వ్యాను హోటల్ ముందుకి వచ్చింది. అందులో అప్పటికే ఏడుగురున్నారు. గైడు నలభై ఏళ్ళ సన్నటి మనిషి. తన అసలు పేరు పలకడం మీ వల్ల కాదు, నోయ్ అనండి, చిన్నది అని అర్థం అని ఇంగ్లీషులో చెప్పింది. చేతిలో పసుపు గొడుగు. ఎండ ఉన్నా లేకపోయినా దాన్ని ఎత్తిపట్టుకునే నడిచింది, వెనకున్నవాళ్ళు తప్పిపోకుండా.

ముందు రాజభవనానికి తీసుకెళ్ళింది. వ్యానులో నిక్కర్లు వేసుకొచ్చిన వేరే ఇద్దరికి గేటు దగ్గర లుంగీలు కట్టించారు. లోపల ఎటు చూసినా బంగారపు రంగు, అద్దపు ముక్కలు. పచ్చల బుద్ధుడి గుడిలోకి చెప్పులు విప్పి వెళ్ళాలి. పాండురంగ లోపలికి వెళ్ళి మోకాళ్ళ మీద కూర్చుని దణ్ణం పెట్టుకున్నాడు. బెన్‌హర్ గుమ్మం బయట చెప్పుల దగ్గర నిలబడ్డాడు. పాండురంగ బయటికొచ్చాక అతని చెప్పులు కనబడలేదు. ఎవరో తన్నేస్తే పక్కకి పోయాయి. బెన్‌హర్‌కి అవెక్కడున్నాయో కనిపిస్తూనే ఉన్నా నోరు విప్పలేదు. పాండురంగ కాసేపు వెతుక్కుని తనే తెచ్చుకున్నాడు.

తరవాత పడుకున్న బుద్ధుడి పెద్ద విగ్రహం. ఆ పాదాల చివర నుంచి తల చివరకి నడిచేసరికి ఫోటో తీసేవాళ్ళందరూ అలిసిపోయారు. నోయ్ ఒక్కో చోటా ఎన్ని నిమిషాలు ఇస్తుందో ముందే చెప్పేది, నిమిషం దాటినా చిరునవ్వుతోనే గొడుగు ఊపేది. మధ్యాహ్నం నది ఒడ్డున ఒక హోటల్లో భోజనాలు పెట్టించారు. పాండురంగ చేపల వాసన పడక అన్నం, దోసకాయ ముక్కలు మాత్రం తిన్నాడు. బెన్‌హర్ చేప మొత్తం తిన్నాడు. కృష్ణా జిల్లా నుంచి ఆస్ట్రేలియా వెళ్ళి స్థిరపడ్డ ఒకాయన వీళ్ళు తెలుగువాళ్ళని గుర్తుపట్టి, మీరిద్దరూ అన్నదమ్ములా అని అడిగాడు. ఇద్దరూ ఒకేసారి కాదన్నారు.

భోజనాలయ్యాక పడవ మీద నది దాటించి, అవతలి ఒడ్డున వాట్ అరుణ్ గుడికి తీసుకెళ్ళింది నోయ్. పెద్ద గోపురం. దాని ఒంటినిండా పింగాణీ పళ్ళేల ముక్కలు పువ్వుల్లా పొదిగారు. చుట్టూ అంచెలంచెలుగా అరుగులు, ఒక అరుగు నుంచి పై అరుగుకి మెట్లు. కింది మెట్లు మామూలుగానే ఉన్నాయి. పై మెట్లు మాత్రం నిచ్చెనలా నిలువుగా, ఒక్కోటి మోకాలంత ఎత్తు. పైకి వెళ్తే ఊరంతా కనిపిస్తుంది, నలభై నిమిషాలిస్తాను, భయమున్నవాళ్ళు కిందే ఉండండి అని నోయ్ మూడుసార్లు చెప్పింది.

బెన్‌హర్ ట్యాంకుల మీద నిచ్చెనలెక్కి అలవాటున్నవాడు. చకచకా ఎక్కేశాడు. పైన నిలబడి నదినీ, పడవల్నీ, అవతల పొద్దున చూసిన బంగారపు కప్పుల్నీ చూశాడు. వెనక్కి తిరిగితే పాండురంగ కూడా ఎక్కి వచ్చాడు. ఇంటరు చదివే కొడుకు జస్వంత్ పైనుంచి ఫోటోలు తెమ్మన్నాడట. కెమెరా మెడలో వేలాడుతోంది గాని అతను ఫోటో తీయడం లేదు. గోపురానికి వీపు ఆనించి, రెండు అరచేతులూ గోడకి పరిచి నిలబడ్డాడు. మొహంలో రక్తం లేదు.

తక్కినవాళ్ళు ఒక్కొక్కరే దిగిపోయారు. కింద పసుపు గొడుగు ఊగడం మొదలైంది. బెన్‌హర్ కూడా రెండు మెట్లు దిగాడు. దిగి, ఆగి, మళ్ళీ పైకి వచ్చాడు.

దిగుదాం రమ్మన్నాడు. పదకొండేళ్ళలో పని లేకుండా అతనితో అన్న మొదటి మాట అదే.

"నాతోని కాదు," అన్నాడు పాండురంగ. "ఎక్కేటప్పుడు తెల్వలే. ఒక్కసారి కిందికి చూసిన. కాళ్ళు నావి కానట్టున్నయి. మీరు పోన్రి."

పోతే ఎవరో ఒకరు వచ్చి దింపుతారు. ఆ సంగతి బెన్‌హర్‌కి తెలుసు. అయినా పోలేదు. క్యాంపులో కొత్తవాళ్ళకి నిచ్చెన దిగడం నేర్పినట్టే చెప్పాడు. మెట్ల వైపు తిరిగి, పసిపిల్లలు దిగినట్టు వెనక్కి దిగాలి. కింద తను ఉంటాడు, ఒక్కో పాదాన్నీ పట్టుకుని మెట్టు మీద తనే పెడతాడు. కిందికి చూడకూడదు, కళ్ళ ముందున్న రాయినే చూడాలి.

పాండురంగ వంగి, రెండు చేతులతో అంచు పట్టుకుని తిరిగాడు. బెన్‌హర్ కింద నిలబడి అతని ఎడమ చీలమండ పట్టుకుని కింది మెట్టు మీదికి దించాడు. తరవాత కుడికాలు. అలా నాలుగు మెట్లు దిగారు. అయిదో మెట్టు మీద పాండురంగ ఆగిపోయాడు. అతను రాయికి మొహం ఆనించి, రాయితో మాట్లాడినట్టు మాట్లాడాడు.

"ఆ దినం పెద్దసారు ఇంట్లనే ఉండె. నేను మీకు అబద్ధం చెప్పిన."

"తెలుసు," అన్నాడు బెన్‌హర్.

"తెలుసని నాకు తెలుసు. ఇంకోటి మీకు తెల్వదు. నేను పోయిన. రిఫా దాకా ట్యాక్సీల పోయిన. గేటు కాడ నిలబడ్డ. లోపల సుట్టాలు, కార్లు, నవ్వులు. అంతకుముందు నెల నన్ను అందరి ముందట తిట్టిండు, ఇంకోసారి ఇంటికొస్తే ఊరికి తోలేస్తనన్నడు. బెల్లు మీద వేలు పెట్టిన. కొట్టలే. అరగంట నిలబడి వాపసొచ్చిన."

"ఎందుకు కొట్టలేదండీ?"

"భయమయింది. గంతే. ఇంకేం లేదు."

బెన్‌హర్ చెయ్యి అతని కాలి మీదే ఉంది. ఇన్నేళ్ళూ అతను ఒకే రకంగా అనుకున్నాడు: ఈ మనిషి బద్ధకించాడు, గదిలో ఫ్యాను కింద పడుకుని ఫోనులో అబద్ధమాడాడు. అలా అనుకోవడం తేలికగా ఉండేది. ఇప్పుడు గేటు దాకా వెళ్ళాడని తెలిశాక కోపం తగ్గాల్సింది పోయి పెరిగింది. తల్లిని ఆఖరిసారి చూడటానికీ చూడకపోవడానికీ మధ్య ఉన్నది ఒక బెల్లు మాత్రమే. ఆ క్షణంలో కాలు వదిలేయాలనిపించిందని తరవాత మెర్సీ దగ్గర ఒప్పుకున్నాడు. వదిలితే ఏమీ కాదు కూడా, ఆ మనిషి అక్కడే రాయికి అతుక్కుని ఉండిపోతాడు. తనూ ఒకప్పుడు అలాగే క్యాంపులో ఫోను పక్కన కూర్చుండిపోయాడు.

వదల్లేదు.

"కుడికాలు," అన్నాడు. "దించండి. పట్టుకున్నాను."

ఇంకా పద్దెనిమిది మెట్లు దిగారు. ఒక్కో మెట్టుకీ బెన్‌హర్ ఎడమ, కుడి అని చెప్పాడు. కిందికి వచ్చాక పాండురంగ అరుగు మీద కూలబడ్డాడు. చొక్కా వీపుకి అంటుకుపోయింది. నోయ్ పరిగెత్తుకొచ్చి, చేతి సంచీలోంచి వేలెడంత ఆకుపచ్చ సీసా తీసి అతని ముక్కు దగ్గర పెట్టింది. కర్పూరం, పుదీనా కలిపిన ఘాటు వాసన. ప్రతి టూరులోనూ ఒకరుంటారని, ఒకసారి ఒక సైనికాధికారిని ఇలాగే నలుగురు దించారని అతన్ని ఓదార్చింది. పడవ దగ్గర కూర్చున్నవాళ్ళు ఇరవై నిమిషాలు ఆలస్యమైనందుకు కొంచెం చికాకు పడ్డారు.

టూరులో ఆఖరిది పూల బజారు. తడి నేల మీద బుట్టలు బుట్టలుగా బంతిపూలు, మల్లెమొగ్గలు, తామరలు. నోయ్ గొడుగు వెనక అందరూ వరసగా నడిచారు. పాండురంగ బెన్‌హర్ పక్కకి వచ్చి నడుస్తూ, మీ అమ్మ పేరేందని అడిగాడు. సెలవు కాగితం మీద తల్లి మరణం అని రాసింది తనేనని, పేరు రాయలేదని అన్నాడు.

"జీవమ్మ," అన్నాడు బెన్‌హర్.

పాండురంగ ఆ పేరు ఒకసారి మెల్లగా పలికాడు. క్షమించమని అడగలేదు. అడిగితే ఏం చెప్పాలో బెన్‌హర్‌కీ తెలియదు కాబట్టి, అడగనందుకు లోపల కొంత నెమ్మదించాడు.

బహ్రెయిన్ చేరాక బెన్‌హర్ మెర్సీకి అంతా వరసగా చెప్పాడు. ఆమె మధ్యలో అడ్డు రాకుండా విని, అయితే క్షమించేశావా అని అడిగింది. తెలీదన్నాడు. తప్పు చేసినవాడి కాళ్ళు నేను పట్టుకోవాల్సొచ్చింది, ఇదెక్కడి న్యాయమో చూడు అన్నాడు. మెర్సీ నవ్వింది. ఒక క్షణం ఆగి అతనూ నవ్వాడు.

ఆఫీసులో పెద్ద మార్పేమీ రాలేదు. బెన్‌హర్ కాగితాలు పంపితే పాండురంగ సంతకం పెట్టేవాడు. కాకపోతే కాగితాలు ఇప్పుడు ఆఫీసు బాయ్ చేత పంపకుండా బెన్‌హర్ తనే పట్టుకెళ్ళేవాడు. ఇవ్వగానే తిరిగొచ్చేవాడు. ఒకటి రెండుసార్లు టీ తాగి వచ్చాడు.

డిసెంబరు మొదటి శుక్రవారం, చర్చిలో తెలుగు ఫెలోషిప్ ఆరాధన ముగిసి బెన్‌హర్ వాళ్ళు ఇంటికి వచ్చిన గంటకి తలుపు బెల్లు మోగింది. పాండురంగ, విజయలక్ష్మి గుమ్మంలో ఉన్నారు. చేతిలో అరటిపళ్ళు. ముందు ఫోను చేయలేదు, చేస్తే వద్దంటారేమోనని వచ్చేశామని విజయలక్ష్మి మెర్సీతో చెప్పింది. భర్త ఇన్నేళ్ళుగా ఈ సంగతి తనకి కూడా చెప్పలేదని, బ్యాంకాక్ నుంచి వచ్చాకే చెప్పాడని అంది.

హాల్లో కూర్చున్నారు. మెర్సీ టీ తెచ్చి పెట్టింది. చివరికి పాండురంగే అడిగాడు.

"అమ్మ ఎట్లుండేది బెన్‌హర్? చెప్పున్రి. నేను వింట."

బెన్‌హర్ మొదట ముక్తసరిగా చెప్పాడు. పొట్టిగా ఉండేదన్నాడు. వరి నాట్లకి వెళ్ళేదన్నాడు. తరవాత ఇంకోటి గుర్తొచ్చింది. నాట్లలో పాట అందుకునేది ఆమేనట, ఆమె రాని రోజున తక్కినవాళ్ళు పాట ఎక్కడ మొదలెట్టాలో తెలియక ఊరికే నాటేవాళ్ళట. చదువు రాకపోయినా బస్సుల మీద ఊరి పేర్లు అక్షరాల ఆకారాన్ని బట్టి గుర్తుపట్టేదట. ఒకసారి అచ్చం అలాగే ఉన్న ఇంకో పేరు చూసి ఎక్కేసి, ఎక్కడో దిగి, అక్కడ ఎవరింట్లోనో అన్నం తిని, వాళ్ళతో చుట్టరికం కలుపుకుని మరీ తిరిగొచ్చిందట. తను గల్ఫుకి బయల్దేరిన రోజున ఆమె ఏడవలేదట. సంచీలో చింతకాయ పచ్చడి సీసా సర్దుతూ, మూత గట్టిగా బిగించాను, తీయడం నీ వల్ల కాదు, ఎవర్నైనా సాయం అడుగు అందట.

గంట గడిచింది. మెర్సీ టీ చల్లారిపోయిందని మళ్ళీ కాచింది. విజయలక్ష్మి కొంగుతో కళ్ళు తుడుచుకుంది గాని పాండురంగ ఏడవలేదు. ముందుకి వంగి, మోచేతులు మోకాళ్ళ మీద ఆనించి, ఒక్క మాట పోకుండా విన్నాడు. మధ్యలో ఒకే ఒక్కసారి, ఆ బస్సు ఏ ఊరిదని అడిగాడు.

వాళ్ళు వెళ్ళాక మెర్సీ కప్పులు తీస్తూ, పెళ్ళయి తొమ్మిదేళ్ళయింది, ఈ బస్సు సంగతి నాకెప్పుడూ చెప్పలేదేమని అడిగింది. నువ్వు అడగలేదుగా అని బెన్‌హర్ అనబోయి, అది నిజం కాదని తెలిసి ఆగిపోయాడు. ఆమె చాలాసార్లే అడిగింది. మాట ఆ చావు దగ్గరికి వెళ్ళగానే అతనే ఆపేసేవాడు, దానికి ముందున్నదంతా అక్కడే ఆగిపోయేది.

"ఇంకా ఉన్నాయి," అన్నాడు. కుర్చీ లాక్కుని వంటింటి గుమ్మంలో కూర్చుని, ఆమె కప్పులు కడుగుతుంటే ఇంకోటి మొదలుపెట్టాడు.