అయిందండీ

గంగాధరరావుగారు మా ఊరి బడిలో దిగేనాటికి కొల్లేరు నీళ్లు ఇంకా చేలల్లోనే ఉన్నాయి. కుళ్లిన వరి వాసన వంటింట్లోకి కూడా వచ్చేది. ఆయనది ఏలూరు. మా పల్లెల్లో ఎవరు ఎందుకు పేదవాళ్లయ్యారో తాతల కాలం నుంచి ఆరా తీసి చరిత్ర రాస్తున్నారు. అందుకే తిండి లేనివాళ్లెవరో చూసి రాయమని ప్రభుత్వం వారు ఆయన్ని పంపారు. ఆయన రాసిన పేటకే బియ్యం వస్తాయి. సాయంత్రం పడవకి కాగితం వెళ్లాలి.

ఆడవాళ్లు కొత్త మగమనిషికి జవాబు చెప్పరని నాన్నగారు నన్ను తోడు పంపారు. నేను మాత్రం ఎవరితో మాట్లాడతాను? తల వంచుకుని ఆయన వెనక నడిచాను.

చాపలల్లేవాళ్ల పేటలో మొదటిది చాంద్ బీ గుడిసె. మనవరాలు అమీనా గుమ్మంలో కూర్చుని తుంగకాడ నములుతోంది.

"భోజనం అయిందామ్మా?" అన్నారాయన.

"అయిందండీ. కూర్చోండి," అని చాంద్ బీ చాప పరిచింది.

అమీనా నమలడం ఆపి నాయనమ్మ వైపు చూసింది.

పక్క గుడిసెలోనూ అయిందండీ. ఆ పక్కనా అంతే. చివరి గుడిసెలో మస్తాన్ అయితే పొట్ట నిమురుకుని తేన్చాడు కూడా.

"ఫరవాలేదే! వీళ్లెలాగో నెట్టుకొస్తున్నారు. బియ్యం అవతలి పేటకి రాద్దాం," అన్నారాయన.

నాకు మాట గొంతుదాకా వచ్చింది. మా వైపు ఎవరూ ఆ ప్రశ్నకి లేదనరు. లేదంటే అన్నం పెట్టమని అడిగినట్టే. కానీ అంత పెద్దాయనకి నేనెలా చెప్పను?

మధ్యాహ్నం నన్ను ఇంటి దగ్గర దిగబెట్టడానికి వచ్చారు. అమ్మ తలుపు చాటు నుంచి, "భోజనం చేశారా అండీ?" అంది.

"ఆఁ, అయిందండీ."

పొద్దుటి నుంచీ ఆయన వెంటే ఉన్నాను.

"ఎప్పుడండీ?" అన్నాను.

అమ్మ కళ్లెర్రజేసింది. ఆయన నవ్వబోయారు. ఆ నవ్వు మధ్యలోనే ఆగిపోయింది.

"పదమ్మా, వెనక్కి వెళదాం," అన్నారు.

మళ్లీ వచ్చిన మమ్మల్ని చూసి చాంద్ బీ కంగారుపడింది. ఏమనాలో తోచక, "భోజనం అయిందా బాబుగారూ?" అంది.

"లేదమ్మా. ఆకలిగా ఉంది. ఏదైనా ఉంటే పెట్టు."

"మా ఇంట తింటారా? ఎందుకండీ వేళాకోళం?"

"వేళాకోళం కాదమ్మా."

ఆమె లోపలికి వెళ్లి కుండ మూత తీసింది. ఉప్పు లేకుండా ఉడికిన కలువ దుంప ఒక్కటే ఉంది. ఆకులో పెట్టి తెచ్చింది.

ఆయన ఆకు వెనక్కి జరిపారు. "వద్దులేమ్మా. నాకు తెలిసింది."

"అడిగి వద్దంటారా?" అంది చాంద్ బీ. "పేదదాన్నని పరీక్షకొచ్చారా?"

ఆయన తినడం మొదలుపెట్టారు. ఆయన నోటితోపాటు అమీనా నోరూ కదులుతోంది.

"దాదీ, అది నాదన్నావు కదా?"

"ఊరుకోవే. నీకు అయింది."

ఆయన మిగిలిన ముక్క అమీనా ముందుకు జరిపారు. ఆ పిల్ల దాన్ని మింగేసి ఆకు కూడా నాకింది. ఆయన అక్కడే కూర్చుని అవతలి పేటకి రాసిన కాగితం చింపి, కొత్తది రాశారు.

రేవులో దాన్ని అందుకున్న పడవవాణ్ణి, బియ్యం ఎప్పటికొస్తాయని నేనే అడిగాను.

"నీళ్లు తీస్తే వారానికండీ, పాపగారూ."

తిరిగి వస్తుంటే అమీనా గుమ్మంలోనే ఉంది. మళ్లీ తుంగకాడ నములుతోంది.