మెడ సాగదీసిన హెడ్మాస్టరు

నవ్వు.

నూట ఇరవై గొంతుల నవ్వు. పొద్దుటి ఎండలో, ప్రార్థన అయిన వెంటనే, బడి పెంకుల మీది పావురాలు లేచిపోయేంత నవ్వు.

జంషెడ్‌పూర్ దాటి, బస్సు దిగి, ఇంకా నడిస్తే వచ్చే పల్లె హిందీ బడి అది. సుధారాణి అక్కడ టీచరు.

ఆమెకు నత్తి.

పిల్లలు దాన్ని పట్టించుకోలేదు. మాట ఆగితే వాళ్ళూ ఆగేవాళ్ళు... వస్తే వినేవాళ్ళు.

పట్టించుకున్నది హెడ్మాస్టరు కూర్మారావు.

ఆ రోజు ఆమె పిల్లల్ని కూర్చోమనబోయింది. ‘బైఠో’ అనాలి. మొదటి అక్షరం దగ్గరే మాట ఆగిపోయింది.

కూర్మారావు మైకు లాక్కున్నాడు. కళ్ళు తేలేసి, మెడ సాగదీసి —

"బై... బై... బైఠో!"

పిల్లలు నవ్వారు.

నిన్నటిదాకా ఆమె మాట కోసం ఆగిన పిల్లలే.

మర్నాడూ అదే. ఆ మర్నాడూ అదే. వానలు పడేసరికి ఒకటో తరగతి వాళ్ళు కూడా ఆమెను చూసి మెడ సాగదీయడం నేర్చారు. దసరా సెలవుల ముందు ఆమె రాజీనామా ఇచ్చింది. ఆయన కాగితం చదివి అన్నాడు —

"పోన్లెండమ్మా. రాతలో నత్తి నేదు."

లేదు.

జంషెడ్‌పూర్ బిర్సానగర్‌లో రెండు గదుల ఇల్లు. కిటికీ పక్కన బల్ల. అక్కడ కూర్చుని రాసింది. పల్లె బడి కథలు. కడుపుబ్బ నవ్వించే కథలు. ప్రతి కథలో ఒక హెడ్మాస్టరు, గర్జనరావు. ఇన్‌స్పెక్టరు వస్తే బీరువాలో దాక్కుంటాడు. తన ప్రసంగం కాగితాలు మేక నమిలేస్తే, ప్రసంగం ఆగకూడదని మేకనే వేదిక ఎక్కిస్తాడు.

ప్రతి కథలోనూ మెడ సాగదీస్తాడు.

ఆ మెడను టాటానగర్ రైల్వే క్వార్టర్ల తెలుగువాళ్ళు గుర్తుపట్టారు. టెల్కో కాలనీ గుర్తుపట్టింది. కథలు ఫోన్లలో తిరిగాయి. తెలుగు చదవడం రాని పిల్లలకు అమ్మమ్మలు చదివి వినిపించారు. జుగ్సలాయి బజార్లో కూర్మారావు బెండకాయలు ఏరుతుంటే వెనక నుంచి ఎవరో అన్నారట — "మే..."

అది విన్న రోజు సుధారాణి పాయసం వండుకుంది. ఒక్కతే తింది. గిన్నె అడుగు దాకా తింది.

ఒక ఆదివారం పదకొండింటికి తలుపు చప్పుడైంది.

కూర్మారావు. రిటైరయ్యాడు. ఒంటి మీద చొక్కా వదులైంది. గడప అవతలే నిలబడ్డాడు.

"ఆపెయ్ తల్లీ. నన్నేటన్నా పర్లేదు. మా మనవరాలు యోగితని బళ్ళో ‘మేకపిల్లా’ అని ఏడిపిత్తన్నారు. బడికెల్లనని, ‘నహీ జాఊంగీ తాతా’ అని మంచం దిగట్నేదు. ఎనిమిదేళ్ళ పిల్లమ్మా..."

ఎనిమిదేళ్ళు. అంటే అసెంబ్లీలో ముందు వరసలు. వెనక నుంచి అందరి నవ్వూ వీపు మీద పడే చోటు.

సుధారాణికి తెలుసు.

లోపల ఏదో కదిలింది. జాలి కావచ్చు. దాన్ని తోసుకుంటూ ఇంకోటి లేచింది... అది పాతది. ఏళ్ళ తరబడి మేపి పెంచింది.

"రా... రా..."

కూర్మారావు మెడ సాగదీయలేదు. ఆగాడు. చేతులు కట్టుకుని, కళ్ళు దించుకుని, ఆమె మాట కోసం ఆగాడు.

ఇంతే కదా, ఆ రోజు కావలసింది.

ఇంతే కదా!

"రా... రా..."

లోపలికి పిలుస్తోందనుకున్నాడు. ముఖం వెలిగింది. చెప్పులు విడిచాడు. కాలు ఎత్తి గడప మీద పెట్టాడు.

"రాత్తానండి," అంది సుధారాణి. "ఇంకో కథ రాత్తాను."

రెండో ‘రాత్తాను’ ఎక్కడా ఆగలేదు.

ఆయన కాలు వెనక్కి తీసుకోలేదు.

ఆమె తలుపు మూయలేదు...