పాలకేంద్రం దగ్గర

మా కాలనీలో ఎవరినైనా దారి అడిగి చూడండి, లేనివాటిని పట్టుకుని చెబుతారు. "తురాయిచెట్టు దాటాక కుడికి తిరిగి, బిస్కెట్ల ఫ్యాక్టరీ ముందునుంచి తిన్నగా పోండి" అంటారు. తురాయిచెట్టు గాలివానకు కూలి ఏళ్ళయింది. ఫ్యాక్టరీ ఉన్నచోట పిల్లల బడి వచ్చింది. అయినా మాట మార్చరు. ఇక్కడ పుట్టి పెరిగినవాళ్ళకు అది బాగానే ఉంటుంది. కోడలిగా వచ్చిన నాకు మాత్రం మొదటినుంచీ ఒళ్ళుమంట. ఉన్నదాన్ని ఉన్నట్టు చెబితే వీళ్ళ సొమ్మేం పోతుంది?

వాలు నేల మీద కట్టిన కాలనీ ఇది. పైన నీళ్ళ ట్యాంకు, దిగువన రైలు కట్ట. ఒకప్పుడు అన్నీ తోటలేనట. నలుగురు గుమాస్తాలు సంఘంగా చేరి ఆ తోటలు కొని, పెద్ద చెట్టన్నది ఒక్కటి కూడా కొట్టకూడదని కట్టుబాటు పెట్టుకున్నారట. అందుకే మా వీధుల్లో ఒక్కటీ తిన్నగా ఉండదు. చెట్టు ఎదురైనచోటల్లా పక్కకు తప్పుకుంటుంది. చుట్టపుచూపుగా వచ్చినవాళ్ళు "ఎంత చల్లగా ఉందో" అని మురిసిపోతారు. పొద్దున లేచి ఆ ఆకులన్నీ ఊడ్చేది వాళ్ళు కాదుగా.

మెయిన్ రోడ్డు మీద మందుల షాపులో నా ఉద్యోగం. నాకు మనుషులు జబ్బులతోనే గుర్తుంటారు. గ్యాస్ట్రిక్ మాస్టారు, బీపీ ప్లీడరుగారు, మోకాళ్ళ పిన్నిగారు. పేరు చెబితే తడుముకుంటాను గానీ మాత్ర చెబితే ఇల్లెక్కడో, గేటు ఏ రంగో చెప్పేస్తాను. మా ఇంట్లో షుగర్ మా అత్తగారికి. అది ఆవిడ ఒంట్లోనే తప్ప మాటలో ఎక్కడా తగలదు.

ఆ రోజు పొద్దున్నే మా ఇద్దరికీ ఒక కొమ్మ దగ్గర చెడింది. గేటు పక్క చెట్టు కొమ్మ ఒకటి నా స్కూటరు మీదకి వంగి, ఆకులూ పిట్టల రెట్టలూ రోజూ నాకే సమర్పిస్తోంది. దాన్ని కొట్టడానికి మనిషిని పిలిపించాను. అత్తగారు కొమ్మ కింద నిలబడి కదల్లేదు.

"ఈ చెట్టు నువ్వు రాకముందునుంచీ ఉంది" అన్నారు.

"నేను రాకముందునుంచీ ఉన్నవన్నీ నా నెత్తిమీదే పడాలా?" అన్నాను.

నోరు జారితే వెనక్కి తీసుకోలేమంటారు. తీసుకోవాలని నాకూ అనిపించలేదు. కొమ్మలు కొట్టే అతను మా ఇద్దరి మొహాలూ చూసి, కత్తి సంచీలో పెట్టుకుని, రేపొస్తానని జారుకున్నాడు. అత్తగారు లోపలికి వెళ్ళిపోయారు. నేను టిఫిన్ మీద మూత పెట్టి, చెప్పకుండానే షాపుకి బయల్దేరాను. ఆవిడ గదిలోనే ఉన్నారనుకున్నాను. తొంగిచూడటానికి కూడా నా కోపం ఒప్పుకోలేదు.

షాపు తెరిచి, దగ్గు మందులు సర్దుతుంటే ఫోను మోగింది.

"అమ్మాయ్, పాలకేంద్రం దగ్గర కూర్చున్నాను. లేవలేకపోతున్నా. ఒళ్ళంతా చెమటలు. అబ్బాయికి చెప్పు."

"పొద్దున ఏమైనా తిన్నారా?"

"మాత్ర వేసుకున్నా" అన్నారు. ఇంకేదో అనబోయారు, ఫోను ఆగిపోయింది.

మాత్ర వేసుకుని తినకపోతే ఏమవుతుందో నాకు తెలుసు. వచ్చినవాళ్ళందరికీ నేను అప్పజెప్పే పాఠమే అది. ముందు వణుకు, చెమట. తర్వాత మాట తడబడుతుంది. తర్వాత స్పృహ తప్పుతుంది. ఇంకా ఆలస్యమైతే మనిషి దక్కడం కష్టం. తిరిగి ఫోను చేశాను. ఆవిడది పాత బటన్ల ఫోను, ఛార్జింగు పెట్టమని అరిస్తే తప్ప పెట్టరు. పలకలేదు. మా ఆయన రైలు నడుపుతాడు, బండెక్కితే ఫోను ఆపేస్తాడు. అదీ పలకలేదు.

గ్లూకోజు పొట్లం, నీళ్ళ సీసా తీసుకుని పరిగెత్తుతుంటే షాపు ఓనరు "ఎక్కడికి?" అన్నారు.

"పాలకేంద్రానికి."

"ఏ పాలకేంద్రం?"

అదేగా నాకూ తెలియనిది.

ముందు ఎదురుగా ఉన్న పాల బూత్‌కి వెళ్ళాను. అక్కడ కూర్చోవడానికి చోటే లేదు, పెద్దావిడెవరూ రాలేదని బూత్ అబ్బాయి అన్నాడు. స్కూటరు తిప్పి పార్కుకు పోనిచ్చాను. గ్యాస్ట్రిక్ మాస్టారు, బీపీ ప్లీడరుగారు పొద్దుటి నడక పేరుతో అక్కడ బెంచీని అరగదీస్తుంటారు. నడక మాత్రం నేనెప్పుడూ చూడలేదు.

"మాస్టారూ, ఇక్కడ పాలకేంద్రం అంటే ఏది?"

"రైలు కట్ట కింద గేదెల పాకలుండేవి చూశావూ..."

"నేను చూడలేదండీ. ఇప్పుడక్కడ ఏముంది?"

"అదేం పాలకేంద్రమయ్యా" అని ప్లీడరుగారు అందుకున్నారు. "అది పాలవాడి కొట్టం. అసలు కేంద్రం పైన, ట్యాంకు పక్కన. గాజు సీసాల్లో పాలొచ్చేవి. సీసా మూతలు మా చెల్లెలు దండ గుచ్చేది."

"సీసాలు తర్వాత వచ్చాయి. పాకలున్నప్పుడు నువ్వు నిక్కర్లు వేసుకునేవాడివి."

"నువ్వేమన్నా పంచె కట్టావా?"

వాళ్ళిద్దరికీ పొద్దు గడవాలి. నాకేమో పొద్దు పరిగెడుతోంది. "మా అత్తగారికి షుగర్ పడిపోయింది, ఎక్కడున్నారో తెలియదు" అనేసరికి ఇద్దరూ ఒక్కసారిగా నోళ్ళు మూశారు. మాస్టారు లేచి, "నేను కింద చూస్తా, నువ్వు పైకి పో" అని కట్ట వైపు నడిచారు. ఆయన నిజంగానే నడవడం అప్పుడే చూశాను. ప్లీడరుగారు ఇంటికి ఫోను చేసి కొడుకుని కారు తీయమన్నారు.

ట్యాంకు దాకా ఎక్కేసరికి స్కూటరు మూలిగింది. ట్యాంకు పక్కన ఇప్పుడు జిమ్ ఉంది. అద్దాల వెనక కుర్రవాళ్ళు ఉన్నచోటే పరిగెడుతున్నారు. అత్తగారు లేరు. వెనక సందులో చూశాను, మెట్ల మీద చూశాను, కారు కింద కూడా వంగి చూశాను. కారు కింద ఎందుకుంటారు? ఆ వేళకి నా బుర్ర అలాగే పనిచేస్తోంది. ఇంతలో మాస్టారు ఫోను చేశారు. కట్ట కింద అపార్ట్‌మెంట్ల దగ్గర ఎవరూ లేరట. చెట్ల నీడలో ఏ అరుగు మీద ఎవరు కూర్చున్నా ఆవిడే అనిపిస్తోంది, దగ్గరకు పోతే కాదు. కాలు కాలిన పిల్లిలా ఆ వీధులన్నీ తిరిగాను. తిన్నగా లేని ఆ వీధులు నన్ను తెచ్చి మళ్ళీ ట్యాంకు దగ్గరే వదిలాయి. భయం కోపాన్ని మింగేసింది. 'పోయేముందు నాతో ఒక మాట చెబితే ఏం' అనుకున్నాను. ఏ మొహంతో చెబుతారు, నేను చెప్పి వచ్చానా?

అప్పుడు తట్టింది. ఇందాకటినుంచీ నేను పాల గురించే అడుగుతున్నాను, మనిషి గురించి అడగడంలేదు. ఇన్నేళ్ళు ఒకే వంటింట్లో మసిలాం. ఆవిడ ఎక్కడికి వెళ్ళి కూర్చుంటారో నాకు తెలియదు. పరాయివాళ్ళ మోకాళ్ళ నొప్పులు మాత్రం కంఠతా వచ్చు.

మోకాళ్ళ పిన్నిగారిది ఆకుపచ్చ గేటు. మా అత్తగారూ ఆవిడా ఒకే ఏడు ఈ వీధికి కోడళ్ళుగా వచ్చారట. ఇప్పుడు పండక్కో పబ్బానికో తప్ప పలకరింపుల్లేవు. నేను గేటు దగ్గరే నిలబడి విషయం చెప్పాను.

"పాలకేంద్రాలు చాలా మారాయే" అన్నారు పిన్నిగారు. "అయినా మీ అత్త పాలు తేవడానికి ఎప్పుడూ వెళ్ళలేదు. వాళ్ళింటికి పాలమనిషే వచ్చేది." నా మొహంలోకి చూశారు. "మీ ఇద్దరికీ ఏమన్నా అయిందా?"

"అయింది."

"అయితే వాగు దగ్గరే ఉంటుంది."

"వాగేంటండీ?"

"మూసేశారులే. అక్కడ పాలక్యాన్లు దించే రాతి అరుగొకటి ఉండేది, దాన్నే పాలకేంద్రం అనేవాళ్ళం. స్టేషనుకు పోయే బస్సు దాని ముందే ఆగేది. కాపురానికి వచ్చిన కొత్తలో వాళ్ళత్తతో ఏం జరిగిందో ఏమో, మీ అత్త సంచీ సర్దుకుని పోయి ఆ అరుగు మీద కూర్చుంది. బస్సులు వస్తున్నాయి, పోతున్నాయి, ఎక్కదు. పాలకోసం వెళ్ళిన ఆడవాళ్ళందరం చూశాం. పలకరించొద్దని మా ఇళ్ళల్లో చెప్పారు. మేం పలకరించలేదు." పిన్నిగారు గేటు కమ్మీ గట్టిగా పట్టుకున్నారు. "మర్నాడు చూస్తే పెరట్లో బట్టలు ఆరేస్తోంది. నేనూ అడగలేదు, అదీ చెప్పలేదు."

"ఇప్పుడు ఆ చోటెక్కడండీ? ఇప్పుడున్నదాన్ని పట్టుకుని చెప్పండి."

"కార్లు కడిగే షెడ్డు లేదూ, దాని వెనకాల."

ఆ షెడ్డు మా షాపుకు రెండు మలుపుల అవతలే. రోజూ దాని ముందునుంచే వస్తాను. స్కూటరు ఎలా నడిపానో గుర్తులేదు.

షెడ్డు పక్కన సన్నటి దారి, దానినిండా రాలిన ఆకులు. చివర నడుమెత్తు రాతి అరుగు, పాచి పట్టి ఉంది. అత్తగారు గోడకు ఒరిగి ఉన్నారు. జాకెట్టు చెమటకు తడిసి ఒంటికి అంటుకుపోయింది. కళ్ళు తెరిచే ఉన్నాయి గానీ నన్ను చూడటంలేదు.

"బస్సు పోయిందా?" అన్నారు, నాలుక మందంగా తిరుగుతుంటే.

గ్లూకోజు నీళ్ళల్లో కలిపి, గడ్డం పట్టుకుని, కొంచెం కొంచెంగా తాగించాను. మొదటి గుక్క సగం చీర మీదే పోయింది. రెండోది మింగారు. పొరపోతుందేమోనని నేను కూడా ఆవిడతోపాటే గుటకలు మింగుతున్నాను. కాసేపటికి ఆవిడ చేతుల వణుకు తగ్గింది. ప్లీడరుగారి కొడుక్కి ఫోను చేసి కారు ఇటు తెమ్మన్నాను. ఆస్పత్రిలో ఒకసారి చూపించక తప్పదు.

అత్తగారు చీర కొంగుతో మొహం తుడుచుకుని నన్ను తేరిపార చూశారు.

"నువ్వొచ్చావేంటి?"

"మీ అబ్బాయి బండిమీదున్నాడు. మరి నేను కాక ఎవరొస్తారు?"

"ఇక్కడున్నానని ఎలా తెలిసింది?"

"పిన్నిగారు చెప్పారు. బస్సు సంగతి కూడా చెప్పారు."

ఆవిడ మొహం ముడుచుకుంది. షెడ్డులో ఎవరో కారు మీద నీళ్ళు కొడుతున్న చప్పుడు. తిట్టడానికి నేను దారి పొడవునా మాటలు పోగేసుకుని వచ్చాను. మాత్ర గురించి, ఫోను గురించి, చెప్పకుండా వెళ్ళడం గురించి. అవన్నీ పక్కన పెట్టి, సీసాలో మిగిలిన నీళ్ళు ఆవిడ చేతికిచ్చాను.

"ఆ రోజు పుట్టింటికి పోదామనే వచ్చాను" అన్నారు అత్తగారు. "కూర్చున్నాక అనిపించింది, ఎవరో ఒకరు వస్తారులే, పిలిస్తే వెనక్కి పోదామని. మీ మావగారు వస్తారనుకున్నా. ఆయన కాకపోతే మా అత్త ఎవరినైనా పంపుతుందనుకున్నా. బస్సు వచ్చినప్పుడల్లా, ఇంకొక్కటి చూద్దాం అనుకున్నా. చీకటి పడింది. ఎవరూ రాలేదు. నేనే లేచి వెళ్ళాను."

"ఎక్కడికెళ్ళావని అడగలేదా?"

"వంట ఆలస్యమైందన్నారు."

ఆవిడ పక్కన అరుగు మీద కూర్చున్నాను. భుజం మీద చెయ్యి వేద్దామంటే ఎప్పుడూ వేసిన అలవాటు లేదు. చివరికి కొంగు సర్దుతున్నట్టు వేశాను. ఆవిడ తోసెయ్యలేదు. సందు మొదట్లో కారు హారన్ వినిపించింది.

"పదండి అత్తయ్యా, ఇంటికి పోదాం" అన్నాను.

ఆవిడ లేవలేదు. నా వైపు చూడలేదు కూడా. ఒళ్ళో చేతులు పెట్టుకుని, ఎదురుగా ఆ ఆకుల దారినే చూస్తున్నారు.

"ఇంకోసారి అను" అన్నారు.