నిండు గిన్నె

టీ నీళ్లు కాగే సమోవార్ పక్కన కూర్చుని టీ పోయడం బురుల్‌కు పన్నెండేళ్ల ఉద్యోగం. జీతం లేదు, సెలవు అంతకన్నా లేదు. గిన్నె సగానికి మించి నింపకూడదు. సగం పోస్తే ఇంకాసేపు ఉండమని మర్యాద, నిండా పోస్తే ఇక లేవమని. వాళ్లుండే నరిన్ ఊళ్లో ఏ కోడలూ పొరపాటున కూడా ఆ పని చెయ్యదు. పెళ్లైన కొత్తలో బురుల్ వంచిన తల ఎత్తకుండా పోసీ పోసీ, గిన్నె ఎంతవరకు నిండిందో ధార చప్పుడును బట్టే చెప్పగలిగేది.

ఆ చెవితోనే ఆమె సోన్‌కుల్ సరస్సు మంచు కిందికి మైకులు దింపింది. మూడు శీతాకాలాలు ఆ మంచు మూలుగులు రికార్డు చేసింది. కరిగే మంచును కెమెరాతో తీసి, తన చేతులతో ఒత్తిన తెల్ల ఉన్ని కంబళి మీద ఆ బొమ్మను ప్రొజెక్టరుతో ఆడించింది. గాలికి కంబళి ఊగితే సరస్సు ఊపిరి తీసుకుంటున్నట్టే ఉండేది. మూలుగులు వినడానికి అంతదూరం పోవాలా, మా అమ్మ సణుగుడు చాలదా అని మొగుడు తలంత్ స్నేహితులను నవ్వించాడు. ఆమె తిరిగొచ్చేసరికి అంట్లు మాత్రం ఎక్కడివక్కడే ఉండేవి.

ఇవాళ వచ్చిన ఎర్మెక్ ఆ స్నేహితుల్లో ఒకడు. రాజధాని బిష్కెక్‌లో ప్రదర్శనశాల నడుపుతున్నాడు. పొద్దున్నే కంబళి ముందు నిలబడి అంతా చూశాడు, విన్నాడు.

"చాలా బాగుంది వదినా. శరత్కాలంలో పెట్టేద్దాం. కాకపోతే పోస్టరు మీద మగాడి పేరు, తలంత్ పేరుంటే నలుగురూ వస్తారు. నీ పేరూ వేస్తాంలే, కింద, సహాయం అని."

బురుల్ మొగుడి వైపు చూసింది. అతను తల్లి పక్కన కూర్చుని బోర్సోక్ రొట్టెను జామ్‌లో ముంచుకుంటున్నాడు.

"పేరుదేముంది బురుల్, ఎవరిదైనా ఇంట్లోనే కదా ఉండేది."

అతను చేసిందల్లా రెండుసార్లు జీపు తోలడం. రెండోసారి రికార్డు చేస్తున్నాను, ఇంజను ఆపమంటే చలేస్తోందని ఆపలేదు. ఆ రోజు పట్టిందంతా ఇంజను మోతే. ఆ మోత ఇప్పుడు గుర్తొచ్చి ఆమెకు ఒళ్లు మండింది.

ఎర్మెక్ గిన్నె అందుకుంది. ధార చప్పుడు సగం దాటింది, సన్నబడింది, అంచుదాకా పాకింది.

"చెయ్యి జారిందా?" అన్నాడు తలంత్.

"జారలేదు. కంబళి సరస్సు ఒడ్డునే కడతాను. గొర్రెలు కాసుకునేవాళ్లు చూస్తారు. పేరు నాది, పైనే ఉంటుంది."

మొగుడి గిన్నె కూడా తీసుకుని, అలాగే నింపి ముందు పెట్టింది. ఎర్మెక్ ముఖం మాడ్చుకుని టోపీ వెతుక్కున్నాడు. తలంత్ దిక్కుతోచక తల్లి వైపు చూశాడు.

అత్తగారు సైరాకాన్ తన ఖాళీ గిన్నెను నెమ్మదిగా కోడలి ముందుకు జరిపింది.

"నాకు సగమే పొయ్యమ్మా. నేనుంటాను."