ఫిర్మిన్ కొత్త పళ్లు

పళ్లు కట్టించుకోమని నెల రోజులు మా ఆయన ఫిర్మిన్ ప్రాణం తోడేసింది నేనే. ఆ సంగతి ముందే ఒప్పేసుకుంటున్నాను.

మా ఆయన నలభై ఆరేళ్లలో నూట ముప్పై సినిమాల్లో వేశాడు. కాపలావాడు, పోలీసు, రైల్లో టికెట్లు చూసేవాడు, శవం. శవంగా పదకొండుసార్లు. పారిస్‌లో ఏ వీధిలో నడిచినా, ఎవరో పాత పక్కింటాయన అనుకుని జనం పలకరించేవారు. పేరు మాత్రం ఒక్కరికీ తెలీదు. మూడు ముక్కలకు మించి ఏ దర్శకుడూ ఆయన చేత మాట్లాడించలేదు.

అలాంటిది, క్లోతిల్ద్ అనే కొత్త దర్శకురాలు ఆయనకు నాలుగు నిమిషాల సీను ఇచ్చింది. పోలీసుల ముందు చనిపోయిన కొడుకును చొక్కా గుండీని బట్టి గుర్తుపట్టే తండ్రి. షూటింగ్‌లో లైట్లవాళ్లు కూడా కళ్లు తుడుచుకున్నారు. ఆ పని అయిందో లేదో, నేను మొదలుపెట్టాను. సినిమా విడుదలయ్యాక నలుగురిలో నవ్వాలి కదా, ఆ గారపళ్లేమిటి, మధ్యలో ఆ సందేమిటి అని. ముందుపళ్లు నాలుగూ పీకించి కట్టుడుపళ్లు పెట్టించాం.

మూడు వారాలకు ఫోన్. షూటింగ్ రోజున పైన విమానాలు తిరిగాయట, మాటలు పాడయ్యాయట, స్టూడియోకి వచ్చి మళ్లీ చెప్పాలట. ఫిర్మిన్ ఫోన్ పెట్టేసి వంటింట్లోకీ హాల్లోకీ తిరగడం మొదలుపెట్టాడు.

"కూర్చోవయ్యా, నేల అరిగిపోతోంది!"

"మాట్లాడితే పళ్ల సందులోంచి ఈల వచ్చేది, జెర్మేన్. ఆ ఈలేదీ ఇప్పుడు?"

స్టూడియోలో తెర మీద బొమ్మ, దాని కింద పరుగెత్తే అక్షరాలు. అవి తెర మీది నిలువుగీతను తాకగానే, బొమ్మలో పెదాలకు సరిపోయేలా మాట పలకాలి. "ఆ గుండీ నేనే కుట్టానండీ" అన్నది ఆయన మాట. పళ్లు టకటకమన్నాయి, పెదాలు ఒకచోట, మాట ఒకచోట. పళ్లు తీసేసి చెప్తే ముద్దముద్దగా వచ్చింది. ఇరవైసార్లు చెప్పాడు. చొక్కా తడిసిపోయింది.

క్లోతిల్ద్ నేల చూస్తూ అంది. "ఫిర్మిన్, రేపే ఆఖరి రోజు. మీ మాటలు చెప్పడానికి అంబ్రువాజ్‌ను పిలవనా?"

అంబ్రువాజ్ నలభై ఏళ్లుగా మా ఆయనతో అవే వేషాలకు పోటీపడ్డవాడు. గంటలో వచ్చాడు, ముఖం చెల్లక టోపీ నలుపుతూ.

"నేను వద్దనుకుంటే చెప్పరా, ఇటునుంచి ఇటే వెళ్లిపోతా."

"నోరు మూసుకుని మైకు దగ్గరికి రా. గుండీ అన్నచోట ఏడవకు. అక్కడ ఆ తండ్రికింకా నమ్మకం కుదర్లేదు. ఊపిరి బిగబట్టు."

సాయంత్రం దాకా ఫిర్మిన్ పక్కనే నిలబడి, తన మాటలు ఒక్కొక్కటీ అతని నోట్లో పెట్టాడు.

సినిమా విడుదలైన బుధవారం, రెండు గంటల ఆటకు వెనక వరసలో కూర్చున్నాం. ఫిర్మిన్ కాలు ఆడుతూనే ఉంది. ఆ సీను రాగానే ఆగింది. ఎక్కడా కత్తిరించలేదు. నాలుగు నిమిషాలూ ఉంది. హాలంతా ముక్కులు చీదుతున్నారు. అంబ్రువాజ్ ఎంత బాగా చెప్పాడో, వాణ్ని కొట్టాలనిపించింది.

బయట మెట్ల దగ్గర ఒకావిడ మా ఆయన రెండు చేతులూ పట్టేసుకుంది.

"మీరే కదూ! ముఖం ఎప్పట్నుంచో తెలుసు, పేరే తెలీదు. అబ్బ, ఆ గొంతండీ! మా తమ్ముడు పోయాక ఇవాళే ఏడ్చాను. ఆ గుండీ మాట ఒక్కసారి అనరా, మా ఆయన కూడా వింటాడు."

అసలు సంగతి చెప్పేద్దామని నేను నోరు తెరిచాను. ఫిర్మిన్ నా చేయి గట్టిగా నొక్కాడు. తర్వాత గొంతు మీద చేయి పెట్టుకుని, బొంగురుపోయిందన్నట్టు తల ఊపాడు.

"అయ్యో, తేనె వేసి వేడిగా ఏమన్నా తాగండి" అని ఆవిడ జాలిపడింది.

ఆవిడ మలుపు తిరిగేదాకా ఆయన పెదాలు బిగించుకునే నిలబడ్డాడు.