మృదుల కాళ్లకింది పెట్టె

నేను ఒక చెక్కపెట్టెను. నాకు మూత లేదు, తాళం లేదు, లోపల దాచుకున్నదీ ఏమీ లేదు. కెనడాలో, టొరంటో దగ్గరి ఒక టీవీ స్టూడియోలో వడ్రంగి నన్ను ప్లైవుడ్‌తో బిగించి, పట్టుకోవడానికి రెండు పక్కలా కంతలు పెట్టాడు. కెమెరాకు అందనివాళ్లను అందేలా చెయ్యడం నా పని. తెరమీద ఆజానుబాహుల్లా కనిపించేవాళ్లు ఎందరో నామీద నిలబడ్డవాళ్లే. కిందికి చూసి నన్ను పలకరించినవాళ్లు మాత్రం తక్కువ.

మృదుల ఏడేళ్లప్పుడు నామీదికెక్కింది. ఇంటిల్లిపాదీ కలిసి చూసే సీరియల్ అది. మంచు కురిసే ఊళ్లో రొట్టెల దుకాణం నడిపే కుటుంబం, వాళ్లు పెంచుకుంటున్న చిన్నపిల్ల. ఆ పిల్లే మృదుల. బల్లమీద పిండి పిసకాలంటే నేను ఉండాల్సిందే. అమ్మానాన్నలకు ఉద్యోగాలు గనక, తోడుగా నాయనమ్మ అనసూయమ్మ వచ్చేది. బాపట్ల మనిషి. ఖాళీ దొరికితే ఆవిడా నామీదే చతికిలబడి మనవరాలితో కబుర్లు చెప్పేది. నాకు తెలుగు అబ్బింది అలాగే.

మొదటిరోజు ఆవిడ పిల్ల బుగ్గన దిష్టిచుక్క పెడితే, మేకప్ చేసే అమ్మాయి మరకనుకుని తుడిచేసింది. మర్నాటినుంచి చుక్క అరికాలికి దిగింది. మృదుల వట్టికాళ్లతో ఎక్కినప్పుడల్లా ఆ కాటుక నాకంటేది. నాకూ దిష్టి తీసినట్టే ఉండేది.

పిల్ల పెరిగింది. ఏ ఇంట్లోనైనా సంతోషించే సంగతే, ఇక్కడ మాత్రం సీరియల్ తీసే పెద్దల మొహాలు మాడాయి. వాళ్లకు కావలసింది చిన్నపిల్ల. పాలు తాగితే పొడుగవుతావని నాయనమ్మ అన్న రోజునుంచి మృదుల పాలు ముట్టలేదు. పొడుగు గౌను వేసిన రోజున లోపల మోకాళ్లు వంచి నిలబడేది. నొప్పి పుట్టినా పైకి నవ్వేది. చివరికి నన్ను ఆమె కాళ్లకిందినుంచి తీసేసి, తండ్రి వేషం వేసే గోర్డన్ కాళ్లకింద పెట్టారు. ఆమెను పెద్ద చెయ్యడానికి పుట్టినదాన్ని, ఆమెను చిన్న చెయ్యడానికి పనికొచ్చాను.

కథలో ఆ పిల్లను వాళ్ల పిన్ని వేరే ఊరు తీసుకుపోయే రోజు వచ్చింది. ఒకటి రెండు వారాల్లో మళ్లీ వెనక్కి రప్పిస్తారని మృదుల అనుకుంది. అసలు సంగతి అమ్మానాన్నలకు తెలుసు, నాయనమ్మకూ తెలుసు. చెప్పడానికే ఎవరికీ నోరు రాలేదు. ఆ సీన్లో వాకిట్లో నిలబడి, కథలోని తండ్రితో "నేను వెళ్తున్నాను" అనాలి, అంతే. కానీ నాయనమ్మ పెంపకం ఊరుకుంటుందా? ఇంగ్లీషులోనే, మాటకు మాట పేర్చి, "వెళ్లి, వస్తాను" అంది.

డైరెక్టర్ మార్గో మంచి మనిషే. పిల్లకు తెలుసుననే అనుకుంది. మెల్లగా చెప్పింది.

"వస్తానని అనకమ్మా. నువ్వింక తిరిగి రావుగా."

నామీద గోర్డన్ కాళ్లు కదిలాయి. మృదుల నాయనమ్మ వైపు చూసింది. ఆవిడ నేలచూపులు చూసింది. పిల్లకు అర్థమైపోయింది. రెండోసారి మాట తప్పుపోలేదు, కళ్లనిండా నీళ్లతో సరిగ్గా చెప్పింది. ఏడుపు ఎంత సహజంగా ఉందో అని అందరూ చప్పట్లు కొట్టారు. నాకు చేతులుంటే వాళ్ల చేతులు పట్టుకుని ఆపేదాన్ని.

అంతా అయ్యాక నామీదే కూర్చుని బూట్లు తొడుక్కుంది. లేచి, నన్ను ఒకసారి తడిమి, "వెళ్తున్నా" అంది, తెలుగులో.

"అట్టా అనకూడదమ్మడూ. వెళ్లొస్తానను" అంది అనసూయమ్మ, కోటు పట్టుకుని.

"అబద్ధం ఎందుకు నాయనమ్మా?"

ఇప్పుడు నేను స్టూడియో గోదాములో విరిగిన కుర్చీల కింద ఉన్నాను. కాటుక మరక ఇంకా పోలేదు. పిల్ల నిజమే చెప్పింది, తప్పుపట్టను. కానీ ఆ ఒక్క అబద్ధం చెప్పి వెళ్లుంటే, తలుపు చప్పుడైనప్పుడల్లా ఎదురుచూడ్డానికైనా నాకు వీలుండేది.